రెండో ముగింపు

మా ఆయన నవనీత్ ఆఫీసులో ఆ సినిమాకు పేరు లేదు. ఫిల్ము డబ్బాలో వచ్చేసరికే మొదటి కొన్ని అడుగులు పాడైపోయి, పేరు వేసిన కార్డు పోయింది. జర్మనీలో తీసిన మూకీ చిత్రమనీ, మొదటి ప్రపంచయుద్ధం ముగిసిన కొద్ది ఏళ్ళకు తీసి ఉండవచ్చుననీ మాత్రం ఎవరో చీటీ అంటించారు. మొదటి దృశ్యంలో రొట్టెల దుకాణం కనిపిస్తుంది కాబట్టి ఆఫీసులో అందరూ దాన్ని ‘బేకరీ’ అనేవారు. బేకరీ ఎంతవరకు వచ్చింది, బేకరీలో గీతలు పోయాయా అని ఫోనులో అడుగుతుంటే, వాళ్ళు నిజంగానే రొట్టెల వ్యాపారం పెట్టారనుకునేవారు మా అత్తయ్య.

అది రెండువేల సంవత్సరం. సింగపూర్‌లో మనవాళ్ళు ఏ ఇంట్లో కలిసినా, ఎవరు ఏ కంపెనీ పెట్టారన్నదే మాట. నవనీత్ కూడా రాఫెల్స్ ప్లేస్‌లో బ్యాంకు ఉద్యోగం మానేసి, అక్కడికి దగ్గర్లోనే ఒక పాత మేడ మీద కౌశిక్ అనే స్నేహితుడు పెట్టిన చిన్న కంపెనీలో చేరాడు. పాత మూకీ సినిమాలను శుభ్రం చేసి ఇంటర్నెట్‌లో పెట్టడం వాళ్ళ పని. ఫిల్ము మీద పడిన గీతలనూ మచ్చలనూ గుర్తుపట్టి తుడిచే ప్రోగ్రాం నవనీత్ రాశాడు. ప్రోగ్రాం పొరపాటు పడిన చోట మనిషి కూచుని, ఒక్కొక్క బొమ్మనే తెర మీద పెద్దది చేసుకుని చేత్తో దిద్దాలి. ఆ పనికి వేరే మనుషులు ఉండేవారు. కావ్యశ్రీ పోయాక ఆ దిద్దుడు పని కూడా నవనీత్ తనే తీసుకున్నాడు.

కావ్యశ్రీ మా అమ్మాయి. ఒకటో తరగతి. నేను పాఠాలు చెప్పే బడిలోనే చదివేది. జ్వరం వచ్చింది, డెంగీ అన్నారు. జ్వరం తగ్గింది. తగ్గిందని మేము సంతోషపడిన రోజునే ఒళ్ళు చల్లబడటం మొదలైంది. ఇంతకంటే దాని గురించి రాయలేను.

ఏడాది తిరగకముందే నేను మళ్ళీ నెల తప్పాను. సంగతి తెలిసి అత్తయ్య సీతాదేవిగారు కాకినాడ నుంచి వచ్చారు. ఎయిర్‌పోర్టులో నన్ను చూడగానే ఆవిడ ఏడవలేదు. నా తల నిమిరి, “మన కావ్యేనమ్మా. ఏడాది కూడా ఉండలేకపోయింది చూడు మనల్ని వదిలి,” అన్నారు.

మా ఇళ్ళలో ఇది కొత్త మాట కాదు. పోయినవాళ్ళు ఆ ఇంట్లోనే మళ్ళీ పుడతారనీ, ఏడాదిలోపు కడుపు పండితే ఇక అనుమానమే అక్కర్లేదనీ పెద్దవాళ్ళు నమ్ముతారు. బిడ్డకు ఆ పేరే పెట్టుకుంటారు. అత్తయ్య అలా అనడం నాకు కష్టమనిపించలేదు. ఆవిడ తన దుఃఖాన్ని పెట్టుకోవడానికి ఒక చోటు దొరికింది, అంతే అనుకున్నాను.

నేను ఊహించనిది నవనీత్ సంగతి. మా పెళ్ళికి జాతకాలు చూడవద్దని పట్టుబట్టిన మనిషి అతను. అలాంటివాడు తల్లి పక్కన నేల మీద కూచుని, మన బంధువుల్లో ఎవరెవరు అలా మళ్ళీ పుట్టారు, ఎలా గుర్తుపట్టారు అని ఒక్కొక్కటీ అడిగి తెలుసుకున్నాడు. ఆవిడకు ఓపిక. తన మేనత్త కూతురు సంగతి, పెద్దాపురంలో ఎవరో పిల్లవాడు పుట్టి మాటలు రాగానే పాత ఇంటి వాకిలి చూపించిన సంగతి, అన్నీ చెప్పారు. కావ్య బట్టలు కొన్ని మూట కట్టి, పక్క ఫ్లాటు కాత్యాయని ఆంటీకి తెలిసిన వాళ్ళకు ఇవ్వాలని నేను గుమ్మం దగ్గర పెట్టి ఉంచాను. నవనీత్ ఆ మూట విప్పి మళ్ళీ అలమరలో సర్దాడు. “ఇచ్చెయ్యడం ఎందుకు, వచ్చేస్తుందిగా,” అన్నాడు. బడివాళ్ళతో ఎక్కడికో విహారానికి వెళ్ళిన పిల్ల గురించి అన్నట్టుగా అన్నాడు.

వచ్చేది ఇంకో బిడ్డ అని ఒకసారి అతనితో మెల్లగా అన్నాను. “నీకెలా తెలుసు?” అని అడిగాడు. అది ఎదురు వాదన కాదు. నిజంగా తెలుసుకోవాలనే అడిగాడు.

అత్తయ్యకు ఇంకో భయం ఉండేది. ఒకసారి ఈ గుమ్మం చూసుకుని వెళ్ళిన మృత్యువు మళ్ళీ రాదని నమ్మకమేమిటి? అందుకని పురిటి స్నానం అయిన రోజున బిడ్డను చేటలో పడుకోబెట్టి, పక్కింటావిడకు గుప్పెడు తవుడికి అమ్మేసి, మళ్ళీ కొనుక్కోవాలని నిర్ణయించారు. అలా చేస్తే ఆ బిడ్డ మన బిడ్డ కాదు, ఎవరో పారేసుకుంటే కొనుక్కున్న బిడ్డ. దాని మీద ఎవరి కన్నూ పడదు. ఈ సంగతి మాట్లాడటానికి కాత్యాయని ఆంటీని పిలిచారు. ఆవిడ పుట్టింది తెనాలి దగ్గరే అయినా, పెళ్ళయి వచ్చినప్పటి నుంచీ ఇక్కడ మా బిషాన్ పేటలోనే ఉంటోంది; సింగపూర్ వాళ్ళలా మాట చివర ‘లా’ అంటుంది.

“తవుడా? ఈ ఊళ్ళో నేనెక్కడ తెచ్చేది అక్కా?” అంది ఆంటీ. “ఫెయిర్‌ప్రైస్ షాపులో ఓట్స్ ఉంటాయి. ఓట్స్ పర్లేదు లా?”

“ఓట్సంటే ఏంటి?”

“గుర్రాలు తినేవి. ఇప్పుడు షుగరున్నోళ్ళం కూడా తింటన్నాం.”

“గింజేగా. సరిపోద్దిలే,” అన్నారు అత్తయ్య.

“కొనుక్కున్నాక నేను తిరిగి ఇస్తేగా. బంగారంలాంటి పిల్లని ఎవరిస్తారు?” అంది ఆంటీ.

అత్తయ్య నవ్వారు. నేను కూడా నవ్వాను. నవనీత్ కంప్యూటర్ ముందు నుంచి తల తిప్పి, “ఇవ్వాలి ఆంటీ,” అన్నాడు. ఆంటీ నవ్వు ఆపేసి, “ఇస్తాన్నాయనా, ఎందుకివ్వను?” అంది.

కావ్యే వస్తున్నప్పుడు ఈ అమ్మడం కొనడం దేనికి అని నేను అత్తయ్యను తరవాత అడిగాను. “వచ్చేది అదే. కానీ అదే అని పైవాడికి తెలియకూడదు కదే,” అన్నారు. ఆవిడ మాటలో తప్పు పట్టడానికి ఏమీ కనిపించలేదు.

బేకరీ చివరి డబ్బా తెరిచినప్పుడు కౌశిక్ కంపెనీకి చిక్కు వచ్చింది. అందులో రెండు ముగింపులు ఉన్నాయి. ఆ కాలంలో కొన్ని సినిమాలకు అలా చేసేవారట. స్వదేశంలో ఆడించడానికి ఒకటి, బయటి దేశాలకు అమ్మడానికి ఒకటి. ఒక దాంట్లో పాప చనిపోతుంది, రెండో దాంట్లో బతుకుతుంది. సినిమాను కొనబోయే అమెరికా వాళ్ళకు పాప బతికేదే కావాలని కౌశిక్ అన్నాడు. అయితే ఏది అసలు ముగింపో సైట్‌లో రాయాలి. ఎక్కడా ఆధారం లేదు. బొమ్మ బొమ్మా చూసినవాడు నవనీత్ కాబట్టి, అతనే చూసి చెప్పాలని తేల్చారు.

ఒక ఆదివారం మధ్యాహ్నం నవనీత్ ఆ సినిమాను డిస్క్‌లో ఎక్కించి ఇంటికి తెచ్చాడు. నేను ఒక కుర్చీలో, అత్తయ్య చిక్కుడుకాయల పళ్ళెంతో ఇంకో కుర్చీలో కూచున్నాము. జర్మన్ కార్డుల కింద ఎవరో ఇంగ్లీషు అనువాదం చేర్చారు. నవనీత్ వాటిని తల్లి కోసం తెలుగులో చదువుతూ వచ్చాడు.

“ఆ ఇళ్ళేంట్రా, పడిపోయేలా ఉన్నాయి,” అన్నారు అత్తయ్య.

అవి అట్ట మీద వేసిన ఇళ్ళని చెప్పాడు. కిటికీలు వంకర, పొగగొట్టాలు వంకర. గోడల మీద నీడలు కూడా దీపాలవి కావు, రంగుతో వేసినవి. అందుకని మనుషులు కదిలినా ఆ నీడలు కదలవు. రాత్రి దృశ్యాలకు నీలం పూత, ఇంటి లోపలి వాటికి పసుపు. మనుషుల కళ్ళ చుట్టూ నల్లరంగు ఎంత దట్టంగా ఉందంటే, అందరూ చాలాకాలంగా నిద్ర లేనట్టు కనిపించారు.

కథ ఇది. నది ఒడ్డున ఒక ఇరుకు వీధి. అక్కడ రొట్టెలు కాల్చి అమ్మే ఒక విధవ, ఆమె చిన్న కూతురు. సినిమా మొదలయ్యేసరికి తల్లి ఆ పాపకు తల దువ్వుతూ ఉంటుంది. పాప వీపు మనవైపు ఉంటుంది. తర్వాత తిరిగి నవ్వుతుంది. ముందు పళ్ళు రెండూ లేవు.

ఆ వీధికి ఒక కొలతలవాడు వస్తాడు. నల్లకోటు, తనకంటే పొడవైన కర్ర. వరద కట్ట కోసం ఇళ్ళను కొలుస్తున్నానంటాడు. ఎవరు పంపారని ఎవరూ అడగరు. కొలిచిన ఇంటి తలుపు మీద సుద్దముక్కతో చిన్న గీత గీస్తాడు. ఆ గీత పడిన ఇంట్లో తెల్లారేసరికి ఎవరో ఒకరు పోతారు. ఈ రెంటికీ ఉన్న సంబంధాన్ని వీధి మొత్తంలో రొట్టెలామె ఒక్కతే కనిపెడుతుంది. తన తలుపు మీద గీత కనిపించగానే అరచేత్తో తుడిచేస్తుంది. మర్నాడు మళ్ళీ ఉంటుంది, మళ్ళీ తుడుస్తుంది. పాపను పక్కింట్లో దాస్తుంది, ఆ తలుపు మీద కూడా గీత వస్తుంది. అతని సుద్దముక్కను దొంగిలించి నదిలో పారేస్తుంది. అతను కోపం లేకుండా జేబులోంచి ఇంకొకటి తీస్తాడు. చివరికి అతని కాళ్ళ మీద పడుతుంది. అప్పుడు కార్డు వస్తుంది. నవనీత్ దాన్ని చదివాడు: “నేను నిర్ణయించను. కొలుస్తాను.”

అత్తయ్య చిక్కుడుకాయలు ఒలవడం మానేశారు.

మొదటి ముగింపులో తల్లి పాపను తీసుకుని ఊరు వదిలి వెళ్ళిపోతుంది. వంతెన మీద కొలతలవాడు ఎదురుపడి, పాపను చూసి, టోపీ తీసి దారి ఇస్తాడు. తల్లి మొదటిసారి నవ్వుతుంది. పాపను గట్టిగా హత్తుకుంటుంది. పాప ముందుకు పరుగెడుతుంది. నేను అప్పటికే కుర్చీ చేతిని పట్టుకున్నాను. రోజంతా సుద్దముక్కతో పని చేసేదాన్ని, అది ఎక్కడెక్కడికి అంటుతుందో నాకు తెలుసు. పాప నల్లగౌను వీపు మీద, తలుపు తుడిచిన తల్లి అరచేతి గుర్తు సుద్దతో తెల్లగా పడి ఉంది.

నవనీత్ అక్కడ ఆపేశాడు. ఆ తర్వాతి భాగం తాను చూడలేదనీ, దాన్ని ప్రోగ్రాంకే వదిలేశాననీ చెప్పి, రెండో ముగింపు పెట్టాడు.

రెండో దాంట్లో తల్లి ఊరు వదిలి వెళ్ళదు. పాప జ్వరంతో మంచం మీద ఉంటుంది. బయట కొలతలవాడు తలుపు కొలవబోతే కర్ర విరిగిపోతుంది. విరిగిన ముక్కలు చంకలో పెట్టుకుని వెళ్ళిపోతాడు. నీలం పోయి పసుపు వెలుగు వస్తుంది. పాప మంచం దిగి, కిటికీ దగ్గరికి నడిచి, బయటికి చూస్తూ నిలబడుతుంది. తల్లి పరుగున వచ్చి, వెనక మోకాళ్ళ మీద కూచుని, పాప తల మీద ముద్దు పెడుతుంది. “తెల్లవారింది,” అని కార్డు.

“చూశావా? తిరిగొచ్చింది,” అని అత్తయ్య కొంగుతో కళ్ళు తుడుచుకున్నారు.

నవనీత్ తెర వైపు కాక నా వైపు చూస్తున్నాడు. “ఇదే అసలుదనిపిస్తోంది గీతా. నీకేమనిపిస్తోంది?” అన్నాడు. అతను సినిమా గురించి అడగడం లేదు.

నేను ఆ చివరి దృశ్యం మళ్ళీ పెట్టమన్నాను. పెట్టాడు. తర్వాత మొదటి దృశ్యం, తల దువ్వేది, పెట్టమన్నాను. ఇంకోసారి చివరిది.

రోజూ పిల్లకు తల దువ్విన చెయ్యికి తెలిసే సంగతి ఒకటుంది. ముఖం ఎలాగూ అందరూ చూస్తారు. మాడు మీద సుడి ఎక్కడుందో, జుట్టు ఎటు తిరుగుతుందో, పాపిడి ఎక్కడ మాట వినదో తల్లికే తెలుసు. కావ్యకు రెండు సుడులు. రెండు సుడులున్న పిల్లకు రెండు పెళ్ళిళ్ళని అత్తయ్య ఫోనులో ఏడిపిస్తే, “టూ వెడ్డింగ్స్ అంటే టూ కేక్స్ లా నానమ్మా,” అనేది. ఈ సినిమాలో మొదటి పాపకు సుడి ఒకటే, మాడుకు ఎడమవైపు. కిటికీ దగ్గర నిలబడిన పాపకు కుడివైపు. ఎనభై ఏళ్ళ మురికి కింద అది ఇన్నాళ్ళూ ఎవరికీ కనిపించి ఉండదు. నవనీత్ ప్రోగ్రాం గీతలన్నీ తుడిచి, ఒక్కొక్క వెంట్రుకా తెలిసేలా చేసింది.

ఆ రెండో పాప చివరిదాకా మనవైపు తిరగదు. మంచం మీద ఉన్నప్పుడు దుప్పటి, నడిచేటప్పుడు వీపు, తల్లి హత్తుకున్నప్పుడు తల్లి భుజం. ముఖం ఎక్కడా లేదు.

“ఈ పాప ఆ పాప కాదు,” అన్నాను.

నవనీత్ వెంటనే అర్థం చేసుకోలేదు. చెప్పాను. అతను రెండు దృశ్యాలూ పక్కపక్కన పెట్టి పెద్దవి చేశాడు. చాలాసేపు చూశాడు. ఫిల్మును తిరగేసి ప్రింటు వేసి ఉంటారు, అప్పుడు ఎడమ కుడి అవుతుంది, ఇలాంటివి మామూలే అన్నాడు. అతని గొంతులో ధైర్యం వచ్చింది. తిరగేస్తే అక్షరాలు కూడా తిరగబడతాయి కాబట్టి, ఆ దృశ్యంలో ఎక్కడైనా అక్షరాలున్నాయేమోనని వెతికాడు. కిటికీలోంచి ఎదురుగా ఒక దుకాణం బోర్డు కొంచెం కనిపిస్తోంది. దాన్ని తెర నిండా పెద్దది చేశాడు. అక్షరాలు సరిగ్గానే ఉన్నాయి.

“ఏంట్రా, ఏమైంది?” అని అత్తయ్య అడిగారు. నవనీత్ ఇంకా ఆ బోర్డునే చూస్తున్నాడు. ఆవిడ పళ్ళెం తీసుకుని వంటింట్లోకి వెళ్ళారు.

ఎందుకలా జరిగిందో మాకు తెలిసే దారి లేదు. బయటి దేశాల వాళ్ళు అడిగాక ఆ ముగింపును తర్వాతెప్పుడో తీసి ఉంటారు. అప్పటికి మొదటి పాప పొడుగు ఎదిగి ఉండవచ్చు. ఇంకేదైనా అయి ఉండవచ్చు. అదే ఎత్తున్న ఇంకో పిల్లను తెచ్చి, అవే జడలు వేసి, అదే గౌను తొడిగి, ఇటు తిరగకమ్మా అని చెప్పి ఉంటారు.

నవనీత్ నా వైపు తిరిగి అన్నాడు: “వేరే పాప అయితే మాత్రం ఏమైంది? ఆ తల్లికి తెలీదుగా.”

“తల్లికి తెలుసు నవనీత్.”

అతను కంప్యూటర్ ఆపేసి, కిందికి వెళ్ళి నడిచి వస్తానన్నాడు.

ఆ తర్వాత కొన్ని వారాలు అతను ఆఫీసు నుంచి ఆలస్యంగా వచ్చేవాడు. ఒకరోజు అన్నం తింటూ తనే చెప్పాడు. రెండో ముగింపులో పాప తల కనిపించే బొమ్మలన్నీ ఒక్కొక్కటే తీసుకుని, సుడి ఉన్న చోట జుట్టు నింపాడట. మొదటి పాప జుట్టునే నమూనాగా పెట్టుకుని, ఎడమవైపు సుడి కూడా వేశాడట. తల కొద్దిగా కదిలినా సుడి దానితో పాటు కదలాలి కాబట్టి, ప్రోగ్రాంతో కుదరక అంతా చేత్తోనే చేశానన్నాడు. “ఇంక ఎవరూ కనిపెట్టలేరు,” అన్నాడు.

కావ్య తల దువ్వడం ఎప్పుడూ నా పనే. ఒక్కసారి నాకు జ్వరమొస్తే తాను దువ్వబోయి, చిక్కు లాగి, ఇద్దరూ ఏడుపు ముఖాలతో నా దగ్గరికి వచ్చారు. అలాంటి మనిషి, ఎవరో తెలియని పిల్ల జుట్టు మీద అన్ని వారాలు కూచున్నాడు.

బేకరీ సైట్‌లోకి ఎక్కింది. రెండో ముగింపే అసలుదని రాశారు. కౌశిక్ చాలా సంతోషంగా ఉన్నాడనీ, అమెరికా వాళ్ళు మెచ్చుకున్నారనీ నవనీత్ చెప్పాడు. ఆ రోజు చాలా కాలం తర్వాత అతను గడ్డం గీసుకుని, కావ్య గదిలో దుమ్ము దులిపాడు. అత్తయ్య కొడుకు తేరుకుంటున్నాడని దేవుడి దగ్గర దీపం పెట్టారు.

స్కానింగు రోజున నేను బడికి సెలవు పెట్టాను. తానూ వస్తానని అత్తయ్య అన్నారు. ఆస్పత్రి గదిలో అంతమందికి చోటుండదని, ఫోను చేస్తానని నవనీత్ ఆవిడకు నచ్చజెప్పాడు. దారంతా మామూలుగానే మాట్లాడాడు. ట్రైన్‌లో నాకు సీటు దొరికితే నా ముందు నిలబడి, ఎవరూ తగలకుండా రెండు చేతులూ కమ్మీల మీద పెట్టాడు.

డాక్టర్ పెద్దావిడ, చైనీస్. ముందు తల, వెన్ను, గుండె చూపించింది. గుండె బాగా కొట్టుకుంటోందనీ, అన్నీ సరిగ్గా ఉన్నాయనీ చెప్పింది. ఆడో మగో తెలుసుకోవాలని ఉందా అని అడిగింది. నవనీత్ అవునన్నాడు. ఆ గొంతులో ప్రశ్న లేదు. తెలిసినదాన్ని పక్కవాళ్ళ నోట వినబోయే మనిషిలా చిన్నగా నవ్వుతున్నాడు.

“బాయ్,” అంది ఆవిడ. “కంగ్రాచులేషన్స్ అహ్.”

నవనీత్ ఇంకోసారి చూడమన్నాడు. ఆవిడ చూసింది. తెరను మా వైపు తిప్పి, వేలితో చూపించింది. “వెరీ క్లియర్ లా. నో మిస్టేక్.”

అతను కుర్చీలోంచి లేచి తెరకు దగ్గరగా వెళ్ళాడు. ముఖం తెరకు ఆనేంత దగ్గరగా వంగి, ఆఫీసులో ఫిల్మును చూసినట్టే చూశాడు. ఇది నీడ అయి ఉండవచ్చు కదా అని ఇంగ్లీషులో అడిగాడు. కాదంది. బొమ్మలో మచ్చలుంటే ఒక్కోసారి అలా కనిపిస్తుంది కదా అన్నాడు. డాక్టర్ నా వైపు చూసింది. మొదటి బిడ్డా అని అడిగింది. నేను తల అడ్డంగా ఊపాను. జెల్లు తుడుచుకోవడానికి కాగితాలు నా చేతికిచ్చి, అతని భుజం మీద ఒకసారి తట్టి, పక్కగదిలోకి వెళ్ళింది.

నేను ఆ బల్ల మీద పడుకునే ఉన్నాను. ఇంతకాలం అతనితో వచ్చేది ఇంకో బిడ్డ అని చెప్పినదాన్ని నేను. సినిమాలో పాప వేరని చూపించినదాన్ని నేను. ఆవిడ ఆ మాట అనగానే నాకు ఊరట కలగాలి. కలగలేదు. అప్పుడు గుర్తొచ్చింది. రోజూ బడికి వెళ్ళేటప్పుడు ట్రైన్‌లో కడుపు మీద చెయ్యి పెట్టుకుని మనసులో కబుర్లు చెప్పేదాన్ని. నీ పక్కన కూచునే నందితకు పై పళ్ళు వచ్చాయి. మీ క్లాసు మేడ మీదికి మార్చారు. నీ బెంచీలో ఇప్పుడు చెన్నై నుంచి వచ్చిన అమ్మాయి కూచుంటోంది, మంచి పిల్లే. ఆ కబుర్లు కావ్యకు తప్ప ఇంకెవరికీ అర్థం కావు. ఇన్ని నెలలూ నేను ఎవరితో మాట్లాడుతున్నానో ఒక్కరోజు కూడా అనుకోలేదు. నేను నమ్మడం లేదనే అనుకున్నాను.

ట్రైన్‌లో ఇంటికి వచ్చాము. నవనీత్ ఫోను చేయలేదు కాబట్టి అత్తయ్య తలుపు తెరిచి నిలబడి ఉన్నారు. మా ముఖాలు చూసి, ఏదో కీడు జరిగిందనుకుని, నోటికి కొంగు అడ్డం పెట్టుకున్నారు.

“బిడ్డ బాగానే ఉన్నాడు అత్తయ్యా. మగపిల్లవాడట,” అన్నాను.

“మగపిల్లాడా,” అని ఆవిడ అక్కడే చెప్పుల బల్ల మీద కూచున్నారు. నేను చెప్పులు విప్పి లోపలికి వచ్చి మంచినీళ్ళు తెచ్చేసరికి ఆవిడ ముఖం మారుతోంది. ముందు పెదవులు కదిలాయి, తర్వాత కళ్ళు తేటపడ్డాయి.

“అయితే మీ నాన్నేరా వస్తున్నది,” అన్నారు.

మామగారు పరంధామయ్యగారు మా పెళ్ళయిన మరుసటి ఏడాదే పోయారు. ఆయన నోట ఒక గట్టి మాట నేను వినలేదు. “నీ దగ్గరకొచ్చి నాలుగు రోజులుండాలని ఎంత కొట్టుకున్నారో ఆయన. పాస్‌పోర్టు కూడా తీయించుకున్నారు. చూశావా, ఎలా వస్తున్నారో,” అని ఆవిడ నీళ్ళు తాగి, లేచి నిలబడ్డారు. దీపం పెట్టాలన్నారు. పరంధామ్ అంటే ఈ కాలం పిల్లలు నవ్వుతారేమో, పరమ్ అని పిలుచుకోవచ్చు అన్నారు. ఆవిడను చూస్తే నాకు అసూయ కలిగింది.

నవనీత్ ఇంకా గుమ్మం దగ్గరే ఉన్నాడు. “అమ్మా,” అన్నాడు.

ఆవిడ ఆగారు.

“నాన్న రాడు. కావ్య రాదు. కావ్య చచ్చిపోయింది. ఇతనెవరో వస్తున్నాడు.”

ఆ మాట అతని నోట నేను వినడం అదే మొదటిసారి. అంతవరకు ‘లేదు’ అనేవాడు, ‘లేనప్పుడు’ అనేవాడు. అతను గట్టిగా అనలేదు. పొరుగూరివాళ్ళకు దారి చెప్పినట్టు చెప్పాడు.

అత్తయ్య గబగబా వచ్చి అతని నోటి మీద చెయ్యి పెట్టారు. “అలా అనకూడదురా. లోపల్నుంచి వింటాడు,” అన్నారు.

అతను తల్లి చెయ్యి మెల్లగా తీసేసి, గదిలోకి వెళ్ళి పడుకున్నాడు. అత్తయ్య వంటింట్లో ఒత్తులకు నూనె పోస్తూ ఏడవడం మొదలుపెట్టారు. నేను హాల్లో కూచున్నాను. ఎదురు బ్లాకులో బట్టలారేసిన వెదురు గడలను ఎవరో ఒక్కొక్కటే లోపలికి తీసుకుంటున్నారు. వాన వచ్చేలా ఉంది.

లోపల బిడ్డ కదిలాడు. అలవాటుగా చెయ్యి అక్కడికి వెళ్ళింది. ఏదైనా చెప్పాలనిపించింది. అత్తయ్య అన్నట్టు వింటూనే ఉన్నాడేమో. బడి సంగతులు అతనికి తెలియవు. ఈ ఇంటి సంగతులు చెప్పాలంటే అన్నిట్లోనూ ఆ పిల్లే ఉంది. చాలాసేపు వెతికాను. అతనికి చెప్పడానికి నా దగ్గర ఒక్క మాట కూడా దొరకలేదు.